కడగని చూపు

మా మేనత్త అబద్ధమాడగా నేను ఎప్పుడూ వినలేదు. ఆవిడతో వచ్చిన చిక్కంతా అదే. అబద్ధాలకోరునైతే నాలుగు దులిపి నోరు మూయించవచ్చు. జరగనిదాన్ని జరిగిందని మనసారా నమ్మిన మనిషిని ఏం చేయగలం?

ఆవిడ చూపరుల సంఘంలో పనిచేసేది. పేరు ఘనంగా ఉంటుంది గానీ ఆ సంఘం ఉన్నది సైకిళ్ళ మరమ్మతు కొట్టు పైన, రెండో అంతస్తులో. మెట్లు ఇరుకు. మలుపులో ఎప్పుడూ ఒక సైకిలు ట్యూబు వేలాడుతూ ఉండేది. పైన ఒక హాలు, గోడల వెంట బెంచీలు, అవతల వరసగా చిన్న గదులు. ఒక్కో గదిలో ఒక బల్ల, రెండు కుర్చీలు. వచ్చినవాళ్ళు బల్ల మీద చేతులు ఆనించి కూర్చుంటారు. ఎదురుగా ఉన్న చూపరి ఆ చేతుల మీద తన చేతులు వేసి, కళ్ళు తెరుచుకునే చూస్తుంది. ఆ మనిషి ముందున్న దారులన్నీ అప్పుడు కనిపిస్తాయి. ఈ పనిలో చేరితే ఒకలా, చేరకపోతే ఒకలా, చేరి మధ్యలో మానేస్తే ఇంకోలా. అందులో ఏది ఖాయమో చూపరికీ తెలియదు. కనిపించినవి చెప్పడం వరకే ఆమె వంతు. ఎంచుకోవడం, ఏడవడం వచ్చినవాళ్ళ వంతు.

"ఏది జరుగుతుందో అంత కచ్చితంగా తెలిస్తే ఈ చెక్క కుర్చీల్లో నడుములు ఎందుకు విరగ్గొట్టుకుంటామే" అనేది అత్త.

ఆవిడకు ఆ చూపు చిన్నప్పటి నుంచే ఉందట. మా నాన్న ఆవిడ తమ్ముడు. ఒకరోజు బడి నుంచి వచ్చి, తమ్ముడు కొత్త పలక పగలగొట్టాడని నానమ్మతో చెప్పింది. నానమ్మ వెనకాముందూ చూడకుండా నాన్న వీపు విమానం మోత మోగించింది. తీరా సంచీ విప్పితే పలక చెక్కుచెదరలేదు. ఈ కథ చెప్పినప్పుడల్లా నాన్న పడీపడీ నవ్వేవాడు. అత్త మాత్రం మొహం చిన్నబుచ్చుకుని, "నేను చూశాన్రా" అనేది.

చూపరులందరికీ ఉన్న జబ్బే అది. చూపుకు నిన్న, రేపు అనే తేడా తెలియదు. కళ్ళారా చూసింది కనుక, నాలుగు రోజులు పోతే అది ఇంకా జరగనిది అన్న సంగతి మరుగున పడి జ్ఞాపకాల్లో కలిసిపోతుంది. సంఘంలో ఒకాయన, తన నిచ్చెన తీసుకెళ్ళి విరగ్గొట్టాడని పక్కింటాయనతో నడివీధిలో కలబడ్డాడు. ఆ నిచ్చెన ఆయన పెరటి గోడకే ఆనించి ఉంది. ఇంకొకావిడ భర్త పోయాడని లోపల్లోపల దిగులుపడిపోయి, ఆయన భోజనానికి వచ్చి పీట వాల్చుకుంటే ఉలిక్కిపడేది.

అందుకని సంఘంలో కడుగు అని ఒక పద్ధతి పెట్టుకున్నారు. సాయంత్రం గదులు మూశాక చూపరులు ఒక్కొక్కరే వెనక గదిలోకి వెళ్ళి, ఆ రోజు చూసిన చెడ్డవన్నీ నోటితో చెప్పాలి. అక్కడ ఒక ముసలావిడ కూర్చుని ఉంటుంది. చెప్పిన ప్రతిదానికీ కళ్ళలోకి చూసి "జరగలేదు" అంటుంది. చెప్పినవాళ్ళు కూడా "జరగలేదు" అనాలి. ఆ మాట మనసు నుంచి రాలేదనిపిస్తే మళ్ళీ మొదటి నుంచి చెప్పిస్తుంది. అందరూ ఆవిడను జరగలేదమ్మ అని పిలిచేవారు. పాలవాడు వచ్చి పాలు పోశానమ్మా అన్నా జరగలేదనే అంటుందని మా నాన్న వేళాకోళం చేసేవాడు.

సొంతవాళ్ళను చూడకూడదని ఇంకో నియమం. సొంతవాళ్ళది ఎంత కడిగినా వదలదని.

అత్త ఆ నియమం తూచా తప్పకుండా పాటించింది. అత్త భర్త బస్సు కండక్టరు. వాళ్ళబ్బాయి, అంటే మా బావ, ఇంకా బడికి వెళ్ళే రోజుల్లోనే ఆయన విషజ్వరం వచ్చి వారం తిరగకుండా పోయాడు. ఊరందరికీ శకునం చెప్పే బల్లి తాను పోయి కుడితిలో పడ్డట్టయిందని జనం అన్నారు. చాటున అన్నవాళ్ళు మంచివాళ్ళు. ఎదురుగానే అన్నవాళ్ళు కూడా ఉన్నారు. అత్త విననట్టే ఉండేది. ఇంటికి వచ్చాక మాత్రం గిన్నెలు మామూలుకన్నా గట్టిగా తోమేది.

అప్పటి నుంచి అక్క ఇంటికి అన్నీ నాన్నే అయ్యాడు. కుళాయి కారినా, బావకు పరీక్ష పోయినా నాన్నే పరుగెత్తాలి. ఆయన లిఫ్టు మెకానిక్కు. ఏ భవనానికి వెళ్ళినా వాచ్‌మన్ దగ్గర్నుంచి పై అంతస్తు డాక్టరు దాకా అందరినీ నవ్వించి వచ్చేవాడు. బావకు ఆయనంటే ప్రాణం. చదువు అంతంతమాత్రంగా ముగించి, మామయ్యతో పాటు లిఫ్టు పనికే వెళ్తానని పట్టుబట్టాడు. అప్పటికి వాడు మీసాలు నున్నగా దువ్వుకునే వయసువాడు.

ఆ రోజు జరిగింది మాకు తర్వాతెప్పుడో తెలిసింది. అయినా ఇక్కడే చెబుతాను, లేకపోతే కథ అర్థం కాదు. నాన్న, బావ కలిసి సంఘానికి వెళ్ళారు. అత్త పొద్దుటి నుంచి వరసగా మనుషులను చూసి చూసి అలసిపోయి ఉంది. ఒకాయన లేచి వెళ్ళగానే నాన్న నవ్వుతూ వెళ్ళి ఆ కుర్చీలో కూర్చున్నాడు. రెండు చేతులూ బల్ల మీద పెట్టి, "అక్కా, వీణ్ణి రేపట్నించి నాతో పంపు" అన్నాడు. అలవాటుగా అత్త చేతులు వెళ్ళి ఆ చేతుల మీద పడ్డాయి.

చాలా దారులు కనిపించాయి. వాటిలో ఎక్కువ భాగం ఏమీ లేనివే. బావ పని నేర్చుకున్నాడు, పెళ్ళి చేసుకున్నాడు, పొట్ట పెంచాడు. ఒక్క దారిలో మాత్రం బావ లిఫ్టు పెట్టె పైకప్పు మీద నిలబడి పట్టాలకు గ్రీజు రాస్తున్నాడు. నాన్న డాబా మీద మోటారు గదిలో ఉన్నాడు. స్విచ్ వేసేముందు కిందికి కేక వేసి, కింద నుంచి బదులు వచ్చాకే వేయాలన్నది ఆ పనిలో మొదటి పాఠం. ఆ దారిలో వాచ్‌మన్ టీ తెచ్చాడు. నాన్న వాడికి ఏదో జోకు చెబుతూ, నవ్వుతూ, కేక వేయడం మరిచిపోయి స్విచ్ వేశాడు.

అత్త చేతులు వెనక్కి లాక్కుంది. సాయంత్రం కడుగులో మిగతావన్నీ చెప్పింది, ఇది తప్ప. కొడుకు చావును నోటితో అనలేకపోయింది. అంటే ఎక్కడ నిజమవుతుందోనని భయం. చూపరి అయి ఉండి, పది మందికి ధైర్యం చెప్పే మనిషి, తన దాకా వచ్చేసరికి మామూలు తల్లి అయిపోయింది. దానికి నేను ఆవిడను తప్పుపట్టను. తర్వాత చేసినదానికి మాత్రం చాలా ఏళ్ళు తప్పుపట్టాను.

మర్నాడు నాన్న వెళ్తే తలుపు సగమే తీసింది.

"వాడు రాడు. నువ్వు కూడా రావద్దు" అంది.

"ఏమైందక్కా? ఒంట్లో బాగాలేదా?"

"వెళ్ళిపోరా."

అంతే. మొదట్లో అది భయమే అయి ఉంటుంది. నెలలు గడిచేకొద్దీ ఆ చూపు లోపల ముదిరి జ్ఞాపకమైంది. బావ ఎదురుగానే తిరుగుతున్నాడు, అన్నం తింటున్నాడు, బట్టల కొట్టులో తానులు చుట్టే పనికి వెళ్ళి వస్తున్నాడు. అది ఆవిడకు తెలుసు. తమ్ముడు నవ్వుతూ స్విచ్ వేసింది కూడా అంతే గట్టిగా తెలుసు. ఆ రెండూ ఒకే తలలో ఎలా ఇమిడాయని అడగకండి. మన తలల్లో మాత్రం అన్నీ పొందికగా ఉన్నాయా?

నాన్న ఆదివారం ఆదివారం వెళ్ళి ఆ గుమ్మం ముందు నిలబడేవాడు. అమ్మ ఎన్నోసార్లు చెప్పి చూసింది. "ఆవిడకే అక్కర్లేనప్పుడు మీకెందుకండీ? రోడ్డున పోయేవాళ్ళు నవ్వుకుంటున్నారు" అనేది.

"నవ్వనీ. నాకున్నది ఒక్కతే అక్క" అనేవాడు.

ఒకసారి నేనూ వెంట వెళ్ళాను. అత్త కిటికీ దగ్గర కూర్చుని బియ్యం ఏరుతోంది. బాగా చిక్కిపోయింది. నాన్న బయట నుంచే అడిగాడు.

"నేనేం తప్పు చేశానో అదైనా చెప్పక్కా. కొట్టు, తిట్టు. చెప్పు చాలు."

అత్త తలెత్తి ఆయన వంక చూసింది. ఆ చూపులో ద్వేషం ఉంటే నాకు ఇంత గుర్తుండేది కాదు. జాలి ఉంది.

"నీకు తెలీదట్రా?" అంది.

నాన్న ఆ రాత్రి అన్నం ముట్టలేదు. తను ఎప్పుడో ఏదో అని ఉంటాడని, అత్త భర్త పోయినప్పుడు ఏదైనా మాట జారి ఉంటాడని తవ్వుకోవడం మొదలుపెట్టాడు. నాకు ఒళ్ళు మండిపోయింది. అమాయకుణ్ణి ఇలా కాల్చుకు తినే హక్కు ఎవరిచ్చారు ఈవిడకు? నేరుగా సంఘానికి వెళ్ళాను. జరగలేదమ్మ వెనక గదిలో నేల మీద కాళ్ళు చాపుకుని, మోకాళ్ళకు ఏదో నూనె మర్దనా చేసుకుంటోంది.

"మామ్మగారూ, మా అత్త మా నాన్నతో మాట్లాడి ఏళ్ళయింది. కారణం చెప్పదు. మీకేమైనా తెలుసా?"

"మీ నాన్న ఏం చేశాడంటుంది?"

"అదే చెప్పదు."

ఆవిడ చేతులు ఆగిపోయాయి.

"నీకు చెప్పలేదు సరే. నాక్కూడా చెప్పలేదంటే..." అని నూనె గిన్నె పక్కకు జరిపింది. "ఎంత పని చేసిందే మీ అత్త. ఇన్నేళ్ళు దాన్ని కడుపులో పెట్టుకుందా?"

ఆ ఆదివారం పొద్దున్నే జరగలేదమ్మ అత్త ఇంటికి వెళ్ళి మంచం మీద బైఠాయించింది. మా అందరికీ కబురు పెట్టింది. ముందు గదిలో అత్త, ఆవిడకు ఎదురుగా ముసలావిడ. గోడకు ఆనుకుని నేను, అమ్మ. నాన్న గుమ్మంలోనే ఆగిపోయాడు, లోపలికి రమ్మని ఎవరూ అనలేదని. బావ వంటింటి తలుపు దగ్గర చేతులు కట్టుకుని నిలబడ్డాడు.

అత్త చెప్పడానికి చాలాసేపు పట్టింది. గ్రీజు డబ్బా, వాచ్‌మన్ చేతిలో టీ గ్లాసులు, నాన్న నవ్వు, అన్నీ చెప్పింది. ఆ తర్వాత వినిపించిన చప్పుడు గురించి కూడా చెప్పింది. అది ఇక్కడ రాయను. నాన్న మొహంలో నెత్తురు చుక్క లేదు.

"జరగలేదు" అంది ముసలావిడ.

"జరగలేదు" అంది అత్త.

"లోపల్నించి అను."

"జరగలేదు పిన్నిగారూ. నాకు తెలీదా? వాడు అదిగో, అక్కడ నిలబడ్డాడు." అత్త కళ్ళ నుంచి నీళ్ళు ధారగా కారుతున్నాయి. "కానీ వీడు నవ్వుతుంటే నేను విన్నాను. వాడు కింద ఉన్నాడు, వీడు పైన నవ్వుతున్నాడు. దాన్నేం చెయ్యను?"

ఎన్నిసార్లు అనిపించినా అంతే. మాట పెదవుల దగ్గరే ఆగిపోతోంది. బావ ఉండబట్టలేక, "అమ్మా, చచ్చిపోయినవాడికి ఆకలేస్తోంది, కాస్త అన్నం పెట్టు" అన్నాడు. ఎవరూ నవ్వలేదు. వాడూ నవ్వలేకపోయాడు. బతికున్న కొడుకు ముందు కూర్చుని, వాడి కోసమే తల్లి కుమిలిపోతుంటే ఆ కొడుకు ఎక్కడ చూడాలి? పాపం, చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియక జేబుల్లో పెట్టుకున్నాడు.

ముసలావిడ అలసిపోయి కళ్ళు మూసుకుంది. అప్పుడు నాన్న గుమ్మం దాటి లోపలికి వచ్చాడు. అత్త కాళ్ళ దగ్గర నేల మీద కూర్చున్నాడు.

"అక్కా, కేక వెయ్యకుండా స్విచ్ వేశాను" అన్నాడు. "బదులు వచ్చేదాకా ఆగాలి. ఆగలేదు. కబుర్లలో పడ్డాను. తప్పు నాదే. నన్ను క్షమించక్కా."

నేను నోరు తెరిచాను. అమ్మ నా మోచెయ్యి గట్టిగా పట్టుకుంది. నిజం చెప్పొద్దూ, ఆ క్షణంలో నాకు అత్త మీదకన్నా నాన్న మీదే ఎక్కువ కోపం వచ్చింది. ఏ పాపం ఎరగని మనిషి ఎందుకు తల వంచాలి?

 అత్త వంగి ఆయన తలను తన ఒడిలోకి తీసుకుంది.

"పోనీలేరా" అంది. "కావాలని చేస్తావా? పోనీలే."

అక్కాతమ్ముళ్ళిద్దరూ ఏడ్చారు. అమ్మా ఏడ్చింది. ఏడవనిది జరగలేదమ్మ ఒక్కతే. ఆవిడ కర్ర పట్టుకుని లేచి, గుమ్మం దగ్గర చెప్పులు వేసుకుంటూ నాన్నతో అంది.

"ఎంత పని చేశావయ్యా. మరక కడిగావనుకుంటున్నావేమో. నీ చొక్కాకి తుడుచుకున్నావు."

నాన్న ఆ మాట పట్టించుకోలేదు. మేమూ పట్టించుకోలేదు. ఇన్నేళ్ళకు అక్క మాట్లాడింది, అంతకన్నా ఏం కావాలి? అత్త మళ్ళీ మా ఇంటికి రావడం మొదలుపెట్టింది. అమ్మ వంటకు వంకలు పెట్టింది. ఒళ్ళు చేసింది. రాత్రుళ్ళు నిద్ర పడుతోందని, కలలు రావడం లేదని చెప్పింది. సంఘంలో సెలవు పెట్టి, మళ్ళీ కొన్నాళ్ళకు చేరి, ఇప్పుడు రోజూ కడుగుకు ముందుగా తనే వెళ్ళి కూర్చుంటోందని విన్నాను. బావ కూడా బట్టల కొట్టు మానేసి, ఇష్టపడ్డ లిఫ్టు కంపెనీలోనే చేరాడు. అయితే వేరే మేస్త్రీ కింద. నాన్న కింద పెట్టమని వాడు అడిగితే నాన్నే ఒప్పుకోలేదు.

అసలు సంగతి మాకు మెల్లగా తెలిసింది. నాన్న స్విచ్ వేసేముందు ఒకసారి కాదు, పదేపదే కేకలు వేస్తున్నాడని, బదులు వచ్చాక కూడా మెట్లు దిగి కళ్ళతో చూసి మళ్ళీ పైకి వెళ్తున్నాడని కంపెనీ వాళ్ళు చెప్పారు. అరపూట పని రెండు రోజులు పడుతోంది. వాచ్‌మన్‌లు పలకరిస్తే తల తిప్పుకుంటున్నాడట. టీ ఇస్తే వద్దంటున్నాడట. చివరికి ఆయనే అడిగి మరీ స్టోరు గదికి మార్పించుకున్నాడు. ఇప్పుడు అక్కడ బోల్టులు, బేరింగులు అట్టపెట్టెల్లో సర్దుతూ కూర్చుంటాడు. ఒకసారి అన్నం తింటూ తింటూ ఆగి, "కేక వెయ్యకుండా ఎప్పుడైనా స్విచ్ వేసే ఉంటానంటావా?" అని అమ్మను అడిగాడు.  ఇన్నేళ్ళ పనిలో ఎన్ని స్విచ్‌లు వేశాడో ఎవరికి గుర్తు?

అత్తతో ఈ సంగతి చెప్పాలని చాలాసార్లు అనుకున్నాను. ఆవిడ మొహంలో ఆ నిశ్చింత చూస్తే నోరు రాదు. చెబితే మళ్ళీ కడుపులో ఏం పెట్టుకుంటుందోనని భయం కూడా.

ఈ మధ్య అత్త వాళ్ళు ఇల్లు మారారు. కొత్త భవనంలో నాలుగో అంతస్తు. బావ కంపెనీయే అక్కడ లిఫ్టు పెట్టింది. మొదటి భోజనానికి మమ్మల్ని పిలిచారు. అమ్మ లిఫ్టులో వెళ్ళిపోయింది. నాన్న లిఫ్టు తలుపు వంక చూసి, మెట్ల వైపు తిరిగాడు. నేనూ వెనకే ఎక్కాను. రెండో అంతస్తులో ఆగి, గోడకు చెయ్యి ఆనించి ఆయాసపడుతున్నాడు. నాకు ఓపిక నశించింది.

"నువ్వేమీ చెయ్యలేదు నాన్నా. బావ పైన మన కోసం ఎదురుచూస్తున్నాడు. ఎవరూ పడలేదు, ఎవరూ పోలేదు."

"తెలుసమ్మా."

"తెలిస్తే మరి ఇదంతా ఏంటి?"

ఆయన నా వంక చూడలేదు. ఆడుకుంటూ పోట్లాడి వచ్చిన పిల్లాడిలా నేల చూస్తూ నెమ్మదిగా అన్నాడు.

"అక్క క్షమించింది కదమ్మా. ఏమీ చెయ్యనివాణ్ణి ఎవరైనా క్షమిస్తారా?"

పైన తలుపు తెరుచుకున్న చప్పుడైంది. "ఎంతసేపురా ఎక్కడం, అన్నం చల్లారిపోతోంది" అని అత్త నవ్వుతూ పిలుస్తోంది.